బబుల్ దిద్దుతుంటే అబద్ధం ఆడినట్టుందన్న అమ్మాయికి

ప్రశ్న: మేడమ్, మాది గుంటూరు. విజయవాడలో హాస్టల్లో ఉండి నీట్‌కి లాంగ్‌టర్మ్ చదువుతున్నాను. మా నాన్నగారు రైల్వేలో చేస్తారు, ఆదివారాలు సండే స్కూల్లో పిల్లలకు చెబుతారు. దసరా సెలవులకు ఇంటికెళ్ళినప్పుడు చర్చిలో యూత్ మీటింగ్ జరిగింది. బయట ఊరి నుంచి వచ్చిన ఒక అన్న బ్యాక్టీరియా ఫ్లాజెల్లమ్, అంటే అది ఈదడానికి తిప్పే తోక, బొమ్మ తెరమీద వేశారు. అచ్చం పడవ మోటారులా ఉంది. "ఇందులో ఒక్క పార్టు తీసేసినా పనిచెయ్యదు. మరి కొంచెం కొంచెంగా ఎలా వచ్చింది? డార్విన్ దగ్గర జవాబు లేదు. ఎవరో ఒక మేధావి కావాలనే చేశాడు. దీన్ని ఇంటెలిజెంట్ డిజైన్ అంటారు, ఇదీ సైన్సే" అన్నారు. నాకు ఏం చెప్పాలో తోచలేదు. హాస్టల్‌కొచ్చి రూమ్మేట్‌తో అంటే, "మా దశావతారాల్లోనే డార్విన్ ఉన్నాడు" అంది. జువాలజీ సార్‌ని అడిగితే, "నమ్మితే నమ్ము, మానితే మాను, ఆప్షన్ మాత్రం కరెక్ట్‌గా పెట్టు" అన్నారు. ఎవల్యూషన్ బిట్లకు బబుల్ దిద్దుతుంటే నాన్నకి అబద్ధం చెబుతున్నట్టుంది. ఇది నిజమైతే మా ఇంట్లో ప్రార్థన అబద్ధమా?
(ఒక విద్యార్థిని, విజయవాడ)

జవాబు:

అమ్మా,

మీ జువాలజీ సార్ అన్న మాట ఒకప్పుడు నేనూ అన్నాను. ముప్పై ఏళ్ళు గుంటూరులో ఇంటర్ పిల్లలకు జువాలజీ చెప్పాను. పరిణామం (ఎవల్యూషన్) పాఠం ఎప్పుడూ చివర్లో, ప్రాక్టికల్స్ హడావుడిలో వచ్చేది. నేను పనిచేసిన ఒక కాలేజీలో "ఆ చాప్టర్ ఎక్కువ కదపకండి మేడమ్, పేరెంట్స్ నొచ్చుకుంటారు, ఇంపార్టెంట్ క్వశ్చన్లు ఇచ్చెయ్యండి" అనేవారు. ఇచ్చేసేదాన్ని. నీలాగే అడిగిన ఒక అబ్బాయితో "రాసెయ్యి నాయనా, మార్కులొస్తాయి" అన్నాను. వాడు తల వంచుకుని వెళ్ళిపోయాడు. ఆ తలవంపు నాదని తర్వాత చాలా ఏళ్ళకి తెలిసింది. అందుకే నీకు వివరంగా రాస్తున్నాను, కాస్త ఓపిగ్గా చదువు.

బబుల్ సంగతి తేలిక. జీవశాస్త్రం ఏం చెబుతోందో నీకు తెలుసా అని ప్రశ్నపత్రం అడుగుతుంది. తెలుసని నువ్వు దిద్దుతావు. అందులో ఎవరినీ మోసం చెయ్యడం లేదు. కానీ రేపు నువ్వు డాక్టరువైతే, మందుకు లొంగని క్షయ రోగి నీ ముందు కూర్చుంటాడు. ఆ క్రిములకు ఆ మొండితనం ఎలా వచ్చిందో నువ్వు నిజంగా నమ్మకపోతే, కోర్సు మధ్యలో మందులు ఆపొద్దని అతనికి గట్టిగా చెప్పలేవు. కాబట్టి ఆప్షన్ పెట్టి వదిలెయ్యడం నీకు కుదరదు.

నీకు డార్విన్‌ని చూపించాలంటే గలపాగస్ దీవుల దాకా వెళ్ళక్కర్లేదు. మా తమ్ముడికి సత్తెనపల్లి దగ్గర మూడెకరాల పత్తి చేను ఉంది. మన దేశంలో బీటీ పత్తికి అనుమతి వచ్చింది 2002లో. మట్టిలో ఉండే ఒక బ్యాక్టీరియా జన్యువును పత్తిలో పెట్టారు, ఆ మొక్కను కొరికిన కాయతొలుచు పురుగు చస్తుంది. విత్తనం కొంటే 450 గ్రాముల బీటీ ప్యాకెట్‌తో పాటు 120 గ్రాముల మామూలు విత్తనం చిన్న ప్యాకెట్ కూడా ఇచ్చేవారు, దాన్ని చేను చుట్టూ వెయ్యమని. మా తమ్ముడు దాన్ని పశువుల కొట్టంలో చూరులో దోపేశాడు. "పురుగు తినడానికి మనం చోటిచ్చి మరీ పెంచాలా అక్కా?" అన్నాడు. చుట్టుపక్కల చేలవాళ్ళూ చాలామంది అంతే చేశారు.

ఆ చిన్న ప్యాకెట్ ఎందుకో తెలుసా? లక్షల పురుగుల్లో ఏ ఒకటో రెండో పుట్టుకతోనే బీటీ విషాన్ని తట్టుకోగలవి ఉంటాయి. చుట్టూ మామూలు పత్తి ఉంటే అక్కడ తట్టుకోలేని పురుగులూ బోలెడు బతుకుతాయి. మొండి పురుగు జతకట్టేది వాటితోనే. పుట్టిన పిల్లలు బీటీ పత్తి తిని మళ్ళీ చస్తాయి. మామూలు పత్తి లేకపోతే మిగిలేవి మొండివే. మొండిది మొండిదానితోనే కలుస్తుంది, పిల్లలన్నీ మొండివే. ఇదంతా పురుగు మారకముందే శాస్త్రవేత్తలు కాగితం మీద లెక్కకట్టి చెప్పారు. 2006లో రెండు జన్యువుల బీటీ వచ్చింది. 2010 నాటికి మొదటి రకాన్ని గులాబీ రంగు కాయతొలుచు పురుగు తట్టుకుంటోందని గుజరాత్ నుంచి కబురొచ్చింది. ఇంకొన్నేళ్ళకి రెండోదీ పోయింది.

ఒక నవంబరులో మా తమ్ముడు నన్ను చేలోకి తీసుకెళ్ళి ఒక పువ్వు చేతిలో పెట్టాడు. రేకులు విచ్చుకోకుండా గులాబీ మొగ్గలా మెలిపడి, సన్నటి దారంతో లోపలి నుంచి కుట్టేసినట్టు ఉంది. గుడ్డి పువ్వు అంటారు మన రైతులు. గోటితో విప్పితే లోపల పుప్పొడి తింటూ చిన్న పురుగు. బయటికి పచ్చగా, నిండుగా ఉన్న కాయను కోసి చూపించాడు. దూది గోధుమరంగుకి తిరిగి గింజ డొల్లైపోయింది. "ఇది ఎక్కడ నేర్చుకుందక్కా?" అన్నాడు. అది ఏమీ నేర్చుకోలేదమ్మా. నేర్చుకోవాల్సిన పని లేకుండానే ఇదంతా జరిగింది. తేడాతో పుట్టినవి మిగిలాయి, మిగిలినవి కన్నాయి. ప్రకృతి వరణం అని నీ పుస్తకంలో ఉన్నది ఇదే. ఆ చూరులో దోపిన 120 గ్రాముల ప్యాకెట్, పరిణామం నిజమని నమ్మినవాళ్ళు ముందుచూపుతో ఇచ్చిన ప్యాకెట్.

ఏ సిద్ధాంతాన్నైనా నేను ఇలాగే తూస్తాను: రేపు ఏం జరుగుతుందో ముందుగా చెప్పగలదా, చెప్పింది తప్పైతే పట్టుబడుతుందా?

మీ నాన్నగారు దీనికి ఒక మాట అంటారని నాకు తెలుసు. "పురుగు పురుగుగానే ఉందిగా, పక్షి అవలేదుగా." అడగాల్సిన ప్రశ్నే అది. దానికి జవాబు రాళ్ళలో ఉంది, అందులో కొన్ని మన దేశపు రాళ్ళు. ఎ. రంగారావు అనే భారతీయ భూగర్భ శాస్త్రవేత్త జమ్మూ కాశ్మీర్‌లోని కాలాకోట్ ప్రాంతంలో శిలాజాలున్న రాళ్ళు సేకరించి ఇంట్లో పెట్టుకున్నారు. చాలావాటిని పగలగొట్టి చూడకుండానే ఆయన కాలం చేశారు. ఆయన భార్య ఆ రాళ్ళను దాచి, చివరికి హాన్స్ తేవిసన్ అనే శాస్త్రవేత్తకు అప్పగించారు. ఆయన దగ్గర పనిచేసే మనిషి ఒక పుర్రెను శుభ్రం చేస్తుంటే చెవి ఎముక పొరపాటున విరిగింది. విరిగినచోట ఒక గోడ మందంగా ఉంది. అలాంటి చెవి అప్పటివరకు తిమింగలాల జాతికే ఉందని తెలుసు. కానీ ఆ పుర్రె తిమింగలానిది కాదు, సుమారు 4 కోట్ల 80 లక్షల ఏళ్ళ కిందటి, పిల్లికంటే కాస్త పెద్దదైన, గిట్టలున్న నాలుగు కాళ్ళ జంతువుది. ఇండోహ్యుస్ అని దాని పేరు, 2007లో ఈ సంగతి ప్రకటించారు. ఎముకలు బరువుగా, మందంగా ఉన్నాయి, నీళ్ళలో నడిచే జంతువులకు ఉన్నట్టు. తిమింగలాలకు దగ్గరి చుట్టం నీటిగుర్రమని డీఎన్ఏ పరీక్షలు అంతకుముందే చెబుతున్నాయి. అంటే నేలమీది గిట్టల జంతువుల వంశంలోంచే తిమింగలాలు వచ్చాయన్నమాట. ఆ రాళ్ళను ఏళ్ళ తరబడి ఇంట్లో కాపాడిన ఆ ఇల్లాలి గురించి నేను చాలాసార్లు తలుచుకుంటాను.

ఇంకొకటి మన ఇంట్లోనే ఉంది. మేక జీవితంలో ఉసిరికాయ ముట్టకపోయినా దానికి స్కర్వీ రాదు, విటమిన్ సి దాని కాలేయంలోనే తయారవుతుంది. మనకు అవదు. తయారుచేసే చివరి ఎంజైము జన్యువు మనలోనూ ఉంది, కానీ విరిగిపోయి ఉంది. చింపాంజీలో, గొరిల్లాలో, కోతుల్లో కూడా అదే జన్యువు విరిగే ఉంది, మనతో పంచుకున్న విరుపులతో. గినీపిగ్‌లోనూ విరిగింది, కానీ వేరే రకంగా. నేను స్లిప్ టెస్ట్ పేపర్లు దిద్దిన మనిషిని. ఇద్దరు పిల్లలు ఒకే సరైన జవాబు రాస్తే ఏమీ అనుకోను. ఒకే స్పెల్లింగ్ తప్పు ఒకే వాక్యంలో రాస్తే మాత్రం ఇద్దరూ ఒకే కాగితంలోంచి దించారని అర్థం.

ఇప్పుడు నిన్ను నిద్రపోనివ్వని ఆ మోటారు.

ఆ బొమ్మను ఇంతగా ప్రచారంలోకి తెచ్చినవాడు అమెరికా జీవరసాయన శాస్త్రవేత్త మైకేల్ బీహి, 1996లో రాసిన పుస్తకంతో. స్ప్రింగు ఎలుకబోనుతో పోల్చాడు. చెక్క, స్ప్రింగు, కొట్టే కడ్డీ, కొక్కెం, ఆపే కడ్డీ. ఏ ఒక్కటి లేకపోయినా ఎలుక పడదు కాబట్టి కొంచెం కొంచెంగా రావడం కుదరదన్నాడు. వినడానికి గట్టి వాదనే, నీకు జవాబు తోచకపోవడంలో సిగ్గుపడాల్సింది లేదు. కానీ ఇందులో ఒక మెలిక ఉంది. "ఎలుకను పట్టదు" వేరు, "దేనికీ పనికిరాదు" వేరు. బోనులోంచి రెండు ముక్కలు తీసేసినా, మిగిలింది టైకి క్లిప్పుగా పెట్టుకోవచ్చని కెన్నెత్ మిల్లర్ అనే శాస్త్రవేత్త చూపించేవాడు. కశాభంలోనూ (మీ అన్న చూపిన ఫ్లాజెల్లమ్‌కి తెలుగు పేరు) అంతే. దాని అడుగు భాగంలోని సుమారు పది ప్రొటీన్లకు సరిపోలే ప్రొటీన్లతో ప్లేగు బ్యాక్టీరియాలో ఒక సూది ఉంది. అది తిరగదు, మన కణాల్లోకి విషం ఎక్కిస్తుంది. మోటారు ముందా, సూది ముందా అంటే మోటారే ముందని చాలామంది పరిశోధకుల అభిప్రాయం. అది కూడా నీకు దాచను, ఎందుకంటే ఎవరైనా రేపు ఆ మాటతో నిన్ను ఆపుతారు. అయినా వాదన నిలవదు. కొన్ని భాగాలు లేకపోతే మిగిలినవి వ్యర్థం అన్నాడు కదా, అవి వ్యర్థం కాదని ఆ సూది చూపిస్తోంది. పరిణామం ఎప్పుడూ పాత సామానుతోనే కొత్త పని చేయిస్తుంది, మన ఇళ్ళల్లో పాత చీర బొంత అయినట్టు.

కశాభం ఒక్కో మెట్టూ ఎలా వచ్చిందో మనకు పూర్తిగా తెలుసా? తెలియదు. భూమ్మీద మొదటి కణం ఎలా పుట్టిందో తెలుసా? అదీ ఇంకా తేలలేదు. ల్యాబ్‌లో "తెలియదు" అంటే వెతకడం మొదలైందని. "తెలియదు కాబట్టి ఒక మేధావి చేశాడు" అంటే వెతకడం అక్కడితో అయిపోయిందని.

ఆ అన్న మీటింగులో చెప్పి ఉండని ఒక సంగతి కూడా విను. బీహి భూమికి కోట్ల ఏళ్ళ వయసుందని ఒప్పుకుంటాడు. మనిషికీ చింపాంజీకీ ఉమ్మడి పూర్వికుడు ఉన్నాడనీ ఒప్పుకుంటాడు. కశాభంలాంటి కొన్ని చోట్ల మాత్రమే డిజైన్ కావాలంటాడు. ఆయన మోటారును తెచ్చుకుని ఆయన మిగతా మాటలు తెరమీద వెయ్యకపోవడం నీకు చేసిన అన్యాయం.

"ఇదీ సైన్సే" అన్న మాట మీద అమెరికాలో కోర్టు విచారణే జరిగింది. పెన్సిల్వేనియాలో డోవర్ అనే ఊళ్ళో 2004లో స్కూలు బోర్డు, తొమ్మిదో తరగతి పిల్లలకు ఇంటెలిజెంట్ డిజైన్ గురించి ఒక ప్రకటన చదివి వినిపించాలని తీర్మానించింది. 11 మంది తల్లిదండ్రులు కోర్టుకెళ్ళారు. బోర్డు చూపిన పుస్తకం పేరు ఆఫ్ పాండాస్ అండ్ పీపుల్. దాని పాత చిత్తు ప్రతులు బయటికి తీస్తే అందులో మొదట "సృష్టివాదులు" అని ఉంది, అంటే జీవులన్నిటినీ దేవుడే నేరుగా సృష్టించాడనేవాళ్ళు. సృష్టివాదాన్ని ప్రభుత్వ బడుల్లో సైన్సుగా చెప్పకూడదని 1987లో అక్కడి సుప్రీంకోర్టు తీర్పిచ్చాక, ఆ మాట తీసి "డిజైన్ ప్రతిపాదకులు" అని మార్చారు. ఒకచోట మార్పు సగంలో ఆగి, రెండు మాటలూ ఒకదానిలో ఒకటి ఇరుక్కుని అలాగే మిగిలిపోయాయి. అంటే కొత్త పరిశోధన ఏదీ రాలేదు, పేరు మాత్రమే మారింది. బీహి సాక్షిగా వచ్చాడు. సైన్సుకు మీరిచ్చే నిర్వచనం ప్రకారం జ్యోతిషం కూడా శాస్త్రీయ సిద్ధాంతమే అవుతుందా అని అడిగితే, అవుతుందని ఒప్పుకోవాల్సి వచ్చింది. 2005 డిసెంబరు 20న జడ్జి జాన్ జోన్స్ 139 పేజీల తీర్పిచ్చాడు, ఇది సైన్సు కాదని. ఆయన్ని నియమించింది సంప్రదాయవాదుల పార్టీ అయిన రిపబ్లికన్ల అధ్యక్షుడు బుష్. తల్లిదండ్రుల తరఫున సాక్ష్యం చెప్పిన ముఖ్య శాస్త్రవేత్త ఇందాకటి కెన్నెత్ మిల్లరే, ఆయన క్రమం తప్పని కేథలిక్ విశ్వాసి.

మనమూ ఏమంత తక్కువ కాదు. 2018లో ఒక కేంద్ర మంత్రి డార్విన్ తప్పన్నారు, కోతి మనిషవడం ఎవరూ చూడలేదని. దేశంలోని సైన్సు అకాడమీలు కలిసి ఖండించాల్సి వచ్చింది. 2023లో పదో తరగతి ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకంలో పరిణామం పాఠం తీసేస్తే 1800 మందికి పైగా శాస్త్రవేత్తలు, ఉపాధ్యాయులు సంతకాలు పెట్టి ఉత్తరం రాశారు. పది తర్వాత బయాలజీ ముట్టని పిల్లలకు ఆ ఒక్క అవకాశమూ పోయిందని నా బాధ.

మీ రూమ్మేట్‌కి కూడా నా మాటగా చెప్పు. చేప, తాబేలు, వరాహం, నరసింహం అని వరస చూస్తే పోలిక కనిపిస్తుంది, నాకూ చిన్నప్పుడు ముచ్చటేసింది. కానీ మత్స్యం కడుపున కూర్మం పుట్టలేదు. ప్రతి అవతారమూ ఎవరినో కాపాడడానికి దేవుడు దిగిరావడం. ప్రహ్లాదుడి కథలో ఉన్న గొప్పతనం జీవశాస్త్రం కాదు, దాన్ని జీవశాస్త్రంగా చదివితే ఆ కథకే నష్టం. బైబిల్లో సృష్టి కథ ఉన్న ఆదికాండానికీ నేను ఇదే మర్యాద ఇస్తాను. ఒకదాన్ని సైన్సు కాదని, ఇంకొకదాన్ని సైన్సని చెప్పడం నాకు చేతకాదు.

ఇక ప్రార్థన.

అమ్మా, నువ్వు ఉన్న ఊళ్ళోనే గుణదల మేరీమాత కొండ ఉంది, ఇంద్రకీలాద్రి ఉంది, పటమటలో గోరా గారు పెట్టిన నాస్తిక కేంద్రమూ ఉంది. గోరా గారు వృక్షశాస్త్రం చెప్పిన లెక్చరర్. దేవుణ్ణి వదిలేసినవాళ్ళూ, వదలనివాళ్ళూ ఇద్దరూ ఒకే వృక్షశాస్త్రం చదువుకున్నారు. పరిణామం వెలుగులో తప్ప జీవశాస్త్రంలో దేనికీ అర్థం లేదని 1973లో రాసిన జన్యుశాస్త్రవేత్త డాబ్‌జాన్‌స్కీ క్రైస్తవుడు, తన నమ్మకాన్ని ఆ వ్యాసంలోనే దాచుకోకుండా చెప్పాడు. మనిషి డీఎన్ఏను చదివిన మానవ జీనోమ్ ప్రాజెక్టును నడిపిన ఫ్రాన్సిస్ కాలిన్స్ క్రైస్తవుడు. పరిణామం ఇక ఊహ మాత్రమే కాదని 1996లో పోప్ రెండో జాన్ పాల్ ఒప్పుకున్నారు. మీది ఆ చర్చి కాకపోవచ్చు. నమ్మేవాళ్ళందరూ ఇటువైపే ఉన్నారని నేను అనడం లేదు. ఈ సైన్సును పూర్తిగా ఒప్పుకుని మోకరించినవాళ్ళు ఉన్నారని మాత్రం చెబుతున్నాను. బ్యాక్టీరియా తోకలో ఏ ముక్క ముందొచ్చిందన్న దాని మీద మీ నాన్నగారి ప్రార్థన ఆధారపడి లేదు. జ్వరంతో ఉన్న నీ తలమీద చెయ్యిపెట్టి ఆయన ప్రార్థించి ఉంటారే, ఆ రోజు ఆయనకి కశాభం గురించి తెలియదు. మోటారు బొమ్మ మీద విశ్వాసాన్ని నిలబెట్టేవాళ్ళంటే నాకు భయం. రేపు ఒక ల్యాబ్‌లో ఇంకో మెట్టు దొరికితే నీలాంటి పిల్ల దేవుణ్ణి పోగొట్టుకుంటుంది, అదీ అవసరం లేకుండా.

దేవుడు ఉన్నాడా లేడా అన్నది నేను నీకు చెప్పను. అది నా సబ్జెక్టు కాదు. పరిణామం జరిగిందా అంటే జరిగింది, జరుగుతోంది. ఆ మాట మాత్రం ఏ మీటింగులోనైనా నిలబడి చెబుతాను.

సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు మీ నాన్నగారితో వాదన పెట్టుకోకు. ముఖ్యంగా ప్రార్థన అయిన వెంటనే, అమ్మ ముందు, చర్చివాళ్ళ ముందు వద్దు. ఆయన్ని ఓడించి నువ్వు సాధించేదేమీ లేదు. ఆ రోజుల్లో పత్తి ఆఖరి తీతలు నడుస్తుంటాయి. నరసరావుపేట దారిలో ఎవరో ఒకరి చేను దొరుకుతుంది, ఆయన్ని బండి మీద తీసుకెళ్ళు. ఒక గుడ్డి పువ్వు తెంపి ఆయన చేతిలో పెట్టి, ఆయన్నే విప్పమను. 120 గ్రాముల ప్యాకెట్ కథ చెప్పు. ఆ రైతు కూడా తన ప్యాకెట్ ఏం చేశాడో చెబుతాడు. తర్వాత ఆయన ఏమంటే అది విను, మధ్యలో అందుకోకు. సండే స్కూల్లో అంతమంది పిల్లల ప్రశ్నలు విన్న మనిషి, నీ ప్రశ్న వినడని ఎందుకనుకుంటున్నావు?

మీటింగులో మాట్లాడిన అన్న మళ్ళీ వస్తే, మర్యాదగా ఒక్కటే అడుగు: "అన్నా, ఏం కనిపిస్తే మీరు ఇది తప్పని ఒప్పుకుంటారు?" డార్విన్ తన పుస్తకంలో ఆ ప్రశ్నకు తనే జవాబు రాశాడు. చిన్న చిన్న మార్పులతో రావడం ఎంతమాత్రం కుదరని అవయవం ఒక్కటి చూపించినా తన సిద్ధాంతం కూలిపోతుందని 1859లోనే ఒప్పుకున్నాడు. ఆ అన్న కూడా అంత తెగువతో జవాబు చెబితే, అది రాసిపెట్టుకుని నాకు పంపు. నాన్నగారు చేలో ఏమన్నారో కూడా రాయి.